ఎడమవైపు పెట్టె

నాకు నోరు పెద్దదని మా వాళ్లందరూ అంటారు. అబద్ధమేమీ కాదు. జనగామలో ఆన్‌లైన్ ఫారాలు నింపే చిన్న షాపు నాది. పొద్దున షట్టరు ఎత్తిన దగ్గర్నుంచి ఎవరో ఒకరి మీద అరవకపోతే నాకు పూట గడవదు. ఫొటో తేలేదని ఒకరి మీద, ఉన్న ఒక్క సర్టిఫికెట్టునీ నాలుగు మడతలు పెట్టి జేబులో నలిపేసినందుకు ఇంకొకరి మీద. తిట్లు తిని కూడా మళ్లీ నా దగ్గరికే వస్తారు, ఎందుకంటే నేను నింపిన ఫారం వెనక్కి రాదు. ఆ పేరంటే నాకు చాలా ఇష్టం. ఇప్పుడు దాచుకోవడం ఎందుకు.

ఆ పేరు వల్లే మా వాళ్ల ఫోన్లన్నీ నా చేతికి వచ్చేవి. అక్కా బావా మహబూబాబాద్‌లో ఉంటారు. వాళ్ల బిడ్డను భూపాలపల్లికి ఇచ్చారు. ఎవరు కొత్త ఫోన్ కొన్నా ముందు నాకే తెచ్చి ఇస్తారు. ఒక్కొక్కరికి ఒక్కో మెయిల్ తెరిస్తే పాస్‌వర్డులు మర్చిపోయి నా ప్రాణం తోడేస్తారని, అందరి ఫోన్లలోనూ ఒకటే మెయిల్ పెట్టాను. మా పక్క చాలా ఇళ్లలో ఇంతే. ఇంటిల్లిపాదికీ ఒక మెయిల్, ఒక పాస్‌వర్డు, ఆ పాస్‌వర్డు నా నోట్‌బుక్కులో. దాంతో ఎవరికీ ఏ ఇబ్బందీ రాలేదు, అక్క ఆట ఆడడం మొదలుపెట్టిన తర్వాత కూడా చాలా రోజులు రాలేదు.

అక్కకు పక్షవాతం వచ్చింది. కుడి కాలు, కుడి చెయ్యి, మాట, మూడూ ఒకేసారి పోయాయి. కాలు కొంత తిరిగొచ్చింది. మాట గొంతు దాకా వచ్చి ఆగిపోయేది. చేతికి కసరత్తు చేయించే అమ్మాయి దవాఖానలో ఒక మెత్తటి బంతి ఇచ్చి, "వేళ్లకు ఏదో ఒక పని చెప్పున్రి" అంది. ఇంటికొచ్చాక అక్క ఆ బంతిని మంచం కిందికి విసిరేసింది. నాకిచ్చినా నేను అదే చేసేదాన్ని. అప్పుడు ఆమె ఫోనులో ఊరు కట్టుకునే ఆట ఒకటి వేసిచ్చాను. మొదట ఖాళీ నేల ఉంటుంది. విత్తనం వెయ్యాలి, పంట పండాక తెర మీద కొడవలిని వేలితో పట్టుకుని చేను మీదుగా లాగాలి. పండిందాంతో ఇళ్లు కట్టుకోవాలి, ఆవుల్ని తెచ్చుకోవాలి. మొదటి నెల ఆ కొడవలి అక్క వేలి కింద ఒక్క మడి కూడా దాటలేదు. చెమటలు పట్టేవి ఆమెకు. ఏడాది తిరిగేసరికి చూపుడువేలితో చేనంతా ఒకే ఊపులో కోసేది.

ఆ ఊళ్లో మాకందరికీ ఇళ్లిచ్చింది. చెరువు పక్కన నీలం కప్పు ఇల్లు బిడ్డది, రైలు పట్టాల పక్కది నాది. చెప్పాలనుకున్న మాట రాక తిప్పలు పడేటప్పుడు ఫోన్ తెరిచి వేలు పెట్టి చూపించేది. నీలం కప్పు మీద పెట్టిందంటే బిడ్డకు ఫోన్ కలపమని. ఆవు మీద పెడితే చాయ్ కావాలని. ఒకరోజు పట్టాల పక్క ఇంటి మీద వేలు పెట్టి తియ్యలేదట. "నిన్ను రమ్మంటున్నది" అని బావ ఫోన్ చేశాడు. ఆ రోజు రైల్లో అందరూ చూస్తుండగానే ఏడ్చాను.

బావ దర్జీ. ముందు గదిలో ఆయన మిషను, వెనక గదిలో అక్క మంచం. మంచివాడే గానీ భయం మనిషి. వేడి గిన్నె జారిందని అక్కను పొయ్యి దగ్గరికి రానివ్వడం మానేశాడు. గడియ పెట్టుకుని తియ్యలేకపోయిందని ఆ గదికి గడియే పీకేశాడు. కత్తెర, కత్తిపీట, తాళంచెవులు, మందుల డబ్బా, ఒక్కొక్కటే ఆమెకు అందకుండా బీరువా పైకి చేరాయి. ఆమె చేతిలో మిగిలింది ఫోనొక్కటే. దాని మీదా ఆయనకు నమ్మకం లేదు. "పొద్దుగాల లేస్తే గదే పని. దాంట్ల ఏమన్న గడ్‌బడ్ చేసిందనుకో, ఇగ గదీ పైకే" అన్నాడు నాతో ఒకసారి. అక్క పక్కనే ఉండి వింది.

ఈ వానాకాలంలో ఒక పొద్దున నేను షట్టరు తాళం తీస్తుండగా బావ ఫోన్ చేశాడు.

"ఆటల ఏందో ఇంగ్లీషుల అడుగుతున్నది. నన్ను ముట్టనిస్తలేదు. ఫొటో పంపిన, జర చూడు."

చూశాను. తెర మీద పక్కపక్కన రెండు పెట్టెలు. ఎడమవైపు పెట్టెలో 'ఈ ఫోనులో ఉన్న ఆట', మెట్టు యాభై రెండు. కుడివైపు పెట్టెలో 'క్లౌడ్‌లో ఉన్న ఆట', మెట్టు మూడు. క్లౌడ్ అంటే ఆట కంపెనీ తన దగ్గర దాచిపెట్టే నకలు. రెంట్లో ఏది ఉంచమంటారు అని అడుగుతోంది. ఎంచుకోనిది చెరిగిపోతుంది.

అక్క యాభై రెండో మెట్టు మీద ఉందని నాకు తెలుసు. మరి ఈ మూడు ఎవరిది? ఆలోచించడానికి ఎంతోసేపు పట్టలేదు. భూపాలపల్లికి ఫోన్ చేశాను.

"అమ్మ ఊరు నా ఫోన్ల గూడ చూద్దామని నిన్న ఏసిన చిన్నమ్మా" అంది బిడ్డ. "అమ్మది రాలే, ఖాళీ జాగ వచ్చింది. జరంత ఆడి పెట్టేసిన."

ఇద్దరి ఫోన్లలోనూ నేను పెట్టిన ఒకే మెయిల్. ఆటకు వాళ్లిద్దరూ ఒకే మనిషి. తల్లి ఊరు నకలు ఎందుకో కంపెనీకి చేరనే లేదు, అది ఉండాల్సిన చోట బిడ్డ నిన్న సాయంత్రం వేసిన రెండు మడులు వెళ్లి కూర్చున్నాయి. తప్పు నాదని అప్పుడే తెలిసింది. తప్పు నాదైనప్పుడు నా గొంతు ఇంకా పెద్దదవుతుంది.

"ఎవలనడిగి ఏసినవే? ముట్టకు దాన్ని. నేను చెప్పేదాక ఆ ఫోనే పట్టకు."

సరే చిన్నమ్మా అంది, చిన్న గొంతుతో. తర్వాత బావకు చెప్పాను. "నెట్టు బంద్ చెయ్యి. ఎవ్వరు ఏం నొక్కకున్రి. అక్కను అసలే నొక్కనియ్యకు. నేను వస్తున్న."

ఎడమవైపుది నొక్కమని ఫోనులోనే చెబితే అయిపోయేది. చేనంతా ఒక్క ఊపులో కోసే వేలు, ఒక పెట్టెను నొక్కలేదా? కానీ ఆ పని నేనే చెయ్యాలనుకున్నాను. ఇంకొకరి వేలి మీద నాకు నమ్మకం లేదు.

అప్పటికే వచ్చి కూర్చున్న ఇద్దరిని రేపు రమ్మని పంపేసి, దొరికిన రైలెక్కాను. కూర్చోవడానికి చోటు లేదు. తలుపు దగ్గర నిలబడి ఆ ఫొటోనే చూస్తూ, ఎడమది, ఎడమది అనుకుంటూ పోయాను. కాజీపేటలో బండి ఎంతకీ కదల్లేదు. బావ మళ్లీ చేశాడు.

"ఒళ్లె పెట్టుకోని కూసున్నది. బువ్వ తింటలేదు. నేనే ఏదో ఒకటి నొక్కేస్త, పీడ పోతది."

"నొక్కకు బావా. నీకు దండం పెడుత."

"అరే, గింతదానికి గంత పరేషానైతున్నవేందే?"

ఆయనకది ఆట. మా అక్క రెండేళ్లుగా మాట్లాడుతున్నది దాంతోనే అని ఆయనకు విడమరిచి చెప్పే ఓపిక ఆ తలుపు దగ్గర నాకు లేదు. ఫోన్ పెట్టేశాను. వరంగల్ దాటాక వాన మొదలైంది. మహబూబాబాద్‌లో దిగి ఆటో ఎక్కేసరికి తడిసి ముద్దయ్యాను.

బావ మిషను దగ్గరే ఉన్నాడు. పలకరించకుండా వెనక గదిలోకి పోయాను. అక్క మంచం మీద కూర్చుని ఉంది. ఫోన్ బోర్లించి ఒళ్లో పెట్టుకుని రెండు చేతులూ దాని మీద వేసింది. నన్ను చూడగానే ఆమె ముఖం తేటపడింది. చెల్లె వచ్చింది, ఇక ఏం కాదు అన్నట్టు. ఆ ముఖం ఇప్పుడు గుర్తుకొస్తే తల ఎత్తబుద్ధి కాదు.

"ఇటియ్యి" అని ఫోన్ తీసుకున్నాను. నెట్టు ఆన్ చేసి ఆట తెరిచాను. తెర మధ్యలో చక్రం తిరుగుతోంది. అంతలో నా సంచిలో నా ఫోన్ మోగింది. భూపాలపల్లి. కట్ చేశాను. మళ్లీ మోగింది. ఇప్పుడేనా నీకు తీరింది అని తిట్టుకుంటూ మళ్లీ కట్ చేశాను. చక్రం ఆగి, రెండు పెట్టెలు వచ్చాయి. నా వేలు ఎడమవైపుకు పోయింది.

"ఆ... ఆ..." అంది అక్క. ఎడమ చెయ్యి నా మోచేతి మీద వేసి లాగింది.

"జర ఆగు అక్కా, చేస్తున్న గద."

నొక్కాను. ఇంకో ప్రశ్న వచ్చింది. రెండోది శాశ్వతంగా చెరిగిపోతుంది, సరేనా అని. రోజూ షాపులో ఎన్నో ఫారాల కింద నాకు సమ్మతమే అనే గడిని చదవకుండానే నొక్కుతాను. దీన్నీ అలాగే నొక్కాను. అక్క గొంతులోంచి ఇంకో శబ్దం వచ్చింది, మాట మాత్రం రాలేదు.

తెర తెల్లబడి, ఖాళీ నేల తెరుచుకుంది. ఒక గుడిసె, రెండు మడుల పచ్చి గోధుమ, ఒక కోడి. అంతే. ఆట మూసి మళ్లీ తెరిచాను. అదే గుడిసె. నెట్టు తీసేసి తెరిచాను. అదే కోడి. ఫోన్ ఆపేసి మళ్లీ పెట్టినా అంతే.

మూడోసారి మోగితే ఎత్తాను.

"చిన్నమ్మా, నువ్వు గట్ల మొత్తుకుంటివి గదా, భయమైంది. ఆటనే తీసేద్దామనుకున్న. తీసేసేకాడ వేలు తగిలి తెరుచుకున్నది. ఎంబడే బంద్ చేసిన. ఏమన్నైతదా?"

బిడ్డ ఫోనులో ఆట మళ్లీ తెరుచుకోగానే దాని కొత్త నకలు కంపెనీకి పోయింది. ఏది కొత్తదైతే దాన్ని ఆట ఎడమవైపు పెడుతుంది. పొద్దున ఎడమవైపు ఉన్నది కుడివైపుకు జరిగింది. మెట్లు పెట్టెల మీద రాసే ఉన్నాయి, ఒకదాని మీద మూడు, ఒకదాని మీద యాభై రెండు. నేను చదవలేదు. అక్కకు ఇంగ్లీషు రాదు గానీ అంకెలు వచ్చు. పొద్దుట్నుంచి ఆ అంకెల్ని కళ్లలో పెట్టుకుని కూర్చున్న మనిషి. ఎడమవైపు మూడు ఉందని ఆమె చూసింది. అదే నాకు చెప్పబోయింది. నేను ఆగమన్నాను.

ముందు గదిలో మిషను చప్పుడు ఆగింది. బావ గుమ్మంలోకి వచ్చి, అక్క చేతిలో ఉన్న ఫోన్ వైపు చూశాడు. నేను ఎప్పుడు తిరిగి ఆమె చేతిలో పెట్టానో నాకే తెలియదు.

"ఏమైంది? పోయిందా? ఎవలు నొక్కిన్రు?"

అక్క కుడి చెయ్యి ఎత్తింది. వణుకుతూనే తీసుకెళ్లి గుండెల మీద పెట్టుకుంది.

"నే... ను" అంది.

రెండేళ్లలో ఆమె నోట అంత స్పష్టంగా వచ్చిన మాట నేను వినలేదు. బావ కోప్పడలేదు. "నాకెర్కనే" అని నిట్టూర్చి, వంగి, మెల్లగా ఆమె వేళ్లు విడదీసి ఫోన్ తీసుకున్నాడు. స్టూలేసుకుని బీరువా పైన కత్తెర పక్కన పెట్టాడు. ఆయన స్టూలెక్కి దిగేదాకా ఇంత నోరున్న నేను ఒక్క మాట మాట్లాడలేదు. భయమేసింది. అంతకంటే సిగ్గేసింది. వెనక్కి రాని ఫారాలు నింపే మనిషిని కదా నేను.

దిగాక చెప్పాను. "బావా, నొక్కింది నేను. అక్క గాదు."

ఆయన నా వైపు జాలిగా చూశాడు.

"నువ్వా? దినాం ఊరందరి పని చేసేదానివి, నువ్వు తప్పు నొక్కుతవా? అక్కంటే నీకు పావురం, గందుకే నీ మీదేసుకుంటున్నవు. నాకు తెల్వదా."

ఒట్టు పెట్టాను. పెట్టెలు ఎలా మారాయో చెప్పాను. బిడ్డకు ఫోన్ కలిపి చెప్పించబోయాను. నా గొంతు పెరిగేకొద్దీ ఆయన నమ్మకం గట్టిపడింది. అక్క నా చెయ్యి పట్టుకుని వద్దన్నట్టు తల ఊపింది. నా మీద కోపం రాలేదామెకు. వచ్చి ఉంటే నాకు కొంచెం తేలికయ్యేది.

సాయంత్రం బయల్దేరే ముందు ఫోన్ కిందికి దింపి అక్క చేతిలో పెట్టాను. బావ అప్పుడేమీ అనలేదు. నేను స్టేషనుకు చేరేలోపే మళ్లీ పైకి పోయిందని, తర్వాత బావను అడిగి బిడ్డ చెప్పింది. ఆట కంపెనీకి నాలుగుసార్లు రాశాను. చెరిగింది తిరిగి తేలేమని నాలుగుసార్లూ జవాబిచ్చారు. మా వాళ్లందరికీ వేరువేరు మెయిళ్లు తెరిచాను, ఆ నోట్‌బుక్కు చించేశాను.

ఆ ఇంట్లో మాత్రం అది ఇప్పటికీ అక్క చేసిన తప్పే. నేను కాదన్నప్పుడల్లా నేను ఇంకొంచెం మంచిదాన్నవుతున్నాను, ఆమె చెయ్యి ఇంకొంచెం పనికిరానిదవుతోంది. అయినా చెప్పడం మానలేదు. నిన్న కూడా బావకు ఫోన్ చేసి, ఆ రోజు నొక్కింది నేనేనని మళ్లీ చెప్పాను. ఆయన నవ్వి, "సరే తియ్యి, బువ్వ తిన్నవా?" అని అడిగాడు.