మగ్గం మీద పడుగు ఉన్నంత కాలం

వనపర్తి కాలేజీలో ప్రతి ఏడూ నేను 'కుటుంబం' పాఠం చెప్పాలి. రక్తసంబంధం, పెళ్లి, దత్తత: ఈ మూడింట్లో ఏదో ఒకదానితో ఒక్కటై, ఒకే పొయ్యి మీద వండుకు తినేవాళ్లు కుటుంబం అని పుస్తకంలో ఉంటుంది. ఆ వాక్యం దగ్గరికి రాగానే నాకు ఒళ్లు మండుతుంది. మొన్న పెబ్బేరు నుంచి బస్సులో వచ్చే ఒక అమ్మాయి లేచి, "మేడం, ఆడోళ్లు ఆడోళ్లు కల్సి బతుకుడు పట్నంలనే ఉంటది గద? మన దిక్కు యాడుంటది?" అని అడిగింది. క్లాసంతా కిసకిసలాడింది. మన దిక్కు లేదట! నేను పుట్టి పెరిగిందే అట్లాంటి ఇంటికి గోడ ఇవతల.

గద్వాలలో మాది నేతవాళ్ల సందు. పక్కిల్లు పెద్దమ్మది. సొంత పెద్దమ్మ కాదు, అమ్మ ఆమెను అక్కా అని పిలిచేది కాబట్టి నాకు పెద్దమ్మ అయింది. ఆమె మొగుడు పని కోసం షోలాపూర్ పోయి, అక్కడే ఇంకో సంసారం పెట్టుకుని, మళ్లీ మొహం చూపించలేదు. పెద్దమ్మ ఎన్నాళ్లు ఏడ్చిందో నాకు తెలియదు, నేను పుట్టకముందు సంగతి. ఏడుపు అయ్యాక మాత్రం పోయి మగ్గం గుంతలో కాళ్లు పెట్టి కూర్చుంది. అప్పట్లో మా సందులో ఆడవాళ్లు కండెలు చుట్టేవాళ్లు, నూలు ఆరబెట్టేవాళ్లు, గంజి పెట్టేవాళ్లు. గుంతలో మాత్రం మగవాళ్లే కూర్చోవాలి. ఆడది కూర్చుంటే ఇంటికి అరిష్టమని పెద్దవాళ్లు వచ్చి చెప్పారట.

"మొగోడు ఇడ్సిపెట్టి పోతె రాని అరిష్టం, నేను కష్టం జేసుకుంటె వస్తదా?" అని అడిగిందట పెద్దమ్మ. అమ్మ ఈ మాట ఎన్నిసార్లు చెప్పినా కొత్తగా చెప్పినట్టే నవ్వేది.

కానీ గద్వాల చీర ఒక్కరి పని కాదు. ఒళ్లు నూలు, అంచు పట్టు. ఒకరు గుంతలో కూర్చుని ఒళ్లు నేస్తుంటే, ఇంకొకరు పక్కన కూర్చుని అంచు పట్టు పోగున్న నాడె అందించాలి. మా ఇళ్లలో మొగుడు గుంతలో, పెళ్లాం పక్కన. చీరను మాత్రం మొగుడు నేసినట్టే లెక్క! పెద్దమ్మకు పక్కన కూర్చునే మనిషి లేదు. అట్లా వచ్చింది చిన్నమ్మ.

చిన్నమ్మది వడ్డేపల్లి దగ్గర పల్లె, సేద్యం చేసుకునే ఇల్లు. కొట్టే మొగుడి దగ్గరికి చచ్చినా పోనని మొండికేసి, కండెలు చుట్టుకుని బతుకుతానని మా సందుకు వచ్చింది. నాలుగు రోజులు ఉండి పోతానన్న మనిషి మరి కదల్లేదు.

బడి నుంచి రాగానే నేను వాళ్ల గడప మీదే కూర్చునేదాన్ని. ఆ ఇంట్లో గంజి వాసన, జొన్నరొట్టె వాసన కలిసి ఉండేవి. ఇప్పటికీ ఎక్కడైనా కొత్త నూలు చీర మడత విప్పితే ఆ గడప గుర్తొస్తుంది. ఇద్దరూ పొద్దస్తమానం కొట్లాడుకునేవాళ్లు.

"పిల్లా, నిద్రబోతున్నవా? నాడె అందిస్తవా, నేనొచ్చి గుంజుకోవాల్నా?" అని గుంతలోంచి పెద్దమ్మ.

"అందిస్తున్న గద! చేతులున్నయా, రెక్కలున్నయా నాకు?"

పెద్దమ్మ పుట్టిల్లు రాయచూరు దిక్కు. కోపం వస్తే "సాకు, సాకు!" అని చెయ్యి ఊపేది, చాలు ఆపమని. ఆ మాట వింటే చిన్నమ్మ ఇంకా రెచ్చిపోయేది. బతుకమ్మ పండుగకు మాత్రం ఇద్దరూ పోయి ఒకే రంగు గాజులు వేయించుకుని వచ్చేవాళ్లు. ఎండాకాలం మిద్దె మీద ఒకే మంచం. సందులో అందరికీ తెలుసు, ఎవరూ ఏమీ అడగలేదు. పెళ్లి పిలుపుకు పోతే "మీ ఇద్దరు రావాలె" అని పసుపు ఇద్దరికీ పెట్టి వచ్చేవాళ్లు.

నేను హైదరాబాదులో పై చదువుకు పోయాక నా బుర్రలో కొత్త మాటలు చేరాయి. లింగభేదం, లైంగికత, అదృశ్య శ్రమ. సెలవులకు వచ్చి, ఫోన్లో రికార్డు పెట్టి, వాళ్లిద్దరి ముందు కూర్చుని తిన్నగా అడిగాను: మీ ఇద్దరి సంబంధాన్ని మీరేమంటారని. పెద్దమ్మ పోగును బిగించే పలక కొట్టడం ఆపి నన్ను ఎగాదిగా చూసింది.

"పక్కింటోళ్ల మంచం ముచ్చట అడిగేదేం సదువే నీది? ఫీజు గడుతున్నడా మీ నాయిన దీనికి?"

చిన్నమ్మ కొంగు నోట్లో కుక్కుకుని నవ్వింది. నవ్వి నవ్వి కళ్లు తుడుచుకుని, "ఆమె తింటె నేను తింట. ఆమెకు జెరమొస్తె నాకు నోరు చేదైతది. గంతే బిడ్డా. రాసుకుంటె రాసుకో" అంది.

అదే రాసుకున్నాను. సెమినార్లో చదివితే ఒక పెద్దాయన కళ్లజోడు సవరించుకుని, "ఇంతకీ అది శారీరక సంబంధమా, శ్రమ సంబంధమా? తేల్చలేదేం?" అన్నాడు. నాకు తిక్క రేగింది. "మీ అమ్మానాన్నల గురించి మిమ్మల్ని ఎవరైనా ఇట్లా తేల్చమన్నారా సార్?" అన్నాను. నా పక్కన కూర్చున్న స్నేహితురాలు బల్ల కింద నా కాలు తొక్కింది.

పెద్దమ్మ పోయింది ఈ మధ్యే. షుగరు ముదిరి కాలికి పుండు పడింది. గద్వాల దవాఖానలో చిన్నమ్మ మంచం దిగువన చాప పరుచుకుని కూర్చుండిపోయింది. నర్సు వచ్చి "మీరేమైతరు?" అని అడిగిన ప్రతిసారీ "చెల్లెను" అనేది. పెద్దమ్మ పోయిన రోజు నీళ్లు పోసింది, చీర కట్టింది, జుట్టు ముడివేసింది. ఏడవలేదు. కొరివి పెట్టడానికి నాగర్‌కర్నూల్ నుంచి పెద్దమ్మ మరిది కొడుకు వచ్చాడు. అక్కడ అతనికి పైపులు, నల్లాలు అమ్మే దుకాణం ఉంది. వాళ్ల నాన్న ఏనాడో మగ్గం వదిలి పోయాడు, ఇతను పుట్టిందీ పెరిగిందీ అక్కడే.

దినాలు అయ్యాక అతను కులపెద్దను, నలుగురిని కూర్చోబెట్టి మాట తీశాడు. చెడ్డవాడు కాదు, గొంతు కూడా పెంచలేదు. "ఇల్లు మా తాతది. పెద్దమ్మ బతికున్నన్ని దినాలు మేమొక్క మాటన్నమా? ఇప్పుడు ఈమె ఎవరు? కులం గాదు, సుట్టం గాదు. ఖాళీ జెయ్యమనుండ్రి."

చిన్నమ్మ గుమ్మం పక్కన గోడకు ఆనుకుని నిలబడింది. ఆ ఇల్లు తప్ప ఆమెకు భూమ్మీద చోటు లేదు. పుట్టింట్లో తల్లిదండ్రులు లేరు, అత్తింటి పేరు ఎత్తితేనే ఆమె మొహం తిప్పుకునేది. చట్టం కూడా అతని వైపే ఉంటుందని నాకు తెలుసు.

కులపెద్ద ముసలాయన. చేతులు వణుకుతాయని నేత మానేశాడు. గడ్డం గోక్కుని, "మగ్గం మీద పడుగున్నదా?" అని అడిగాడు.

"ఉన్నది" అంది చిన్నమ్మ.

"పడుగున్న మగ్గం కదిలియ్యొద్దు. నేసేటోళ్లను లేపొద్దు. అది మన కట్టుబాటు."

నాగర్‌కర్నూల్ అతను తేలిగ్గా ఊపిరి పీల్చుకున్నాడు. "సరే తియ్యుండ్రి, గంత దూరం వచ్చి నేనేం లొల్లి వెట్టుకోను. పడుగు అయిపోయినంక ఖాళీ జెయ్యాలె" అన్నాడు. సందులో ఆడవాళ్లందరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

నేతవాళ్లు పడుగును, ఆ నిలువు పోగులను, పూర్తిగా అయిపోనివ్వరు. తోక కనబడగానే కొత్త పడుగు తెచ్చి, దాని ఒక్కొక్క పోగును పాత పడుగు పోగుకు మెలిపెట్టి అతుకుతారు. అతకకపోతే ఆ పోగులన్నీ పన్నె పళ్ల సందుల్లో మళ్లీ మొదటి నుంచి ఎక్కించుకోవాలి, ప్రాణం పోతుంది. నడుస్తున్న మగ్గం మీద పడుగు లేని రోజంటూ ఉండదు. ఇది మా సందులో పాలు తాగే పిల్లలకు కూడా తెలుసు. నేతవాళ్ల రక్తమే అయినా పైపులమ్ముకునే అతనికి తెలియదు.

కానీ కొత్త పడుగు ఎవరిస్తారు? నూలూ పట్టూ ఇచ్చేది షావుకారు. "ఒంటి ఆడిదానికి, అందుల కులంగానిదానికి నేనియ్య" అని ఆయన తెగేసి చెప్పాడు. చిన్నమ్మ తిరిగొచ్చి గుంతలో కూర్చుంది. పక్కన రోజుకొకరు, సందులో ఆడవాళ్లు తమ ఇంటి పని చూసుకుని వచ్చి అంచు అందించేవాళ్లు. ఆదివారం వనపర్తి నుంచి బస్సెక్కి నేను వచ్చేదాన్ని. వచ్చిన ప్రతిసారీ మగ్గం వెనక దూలానికి చుట్టిన పడుగు సన్నబడుతూ ఉండేది.

"జర మెల్లగ నెయ్యి చిన్నమ్మా" అన్నాను ఒకసారి, ఉండబట్టలేక.

"మెల్లగ కొడితె బట్ట పల్సనైతది బిడ్డా. అక్క ఊకుంటదా?"

చివరికి కదిలింది మా అమ్మ. ఎన్నడూ షావుకారు గడప తొక్కని మనిషి, మా ఇంటి మగ్గానికని చెప్పి ఇంకో పడుగు అడిగి వచ్చింది. నాన్న నోరు తెరిచాడు.

"మన మగ్గానికి పడుగున్నది గదనే. ఇంకోటెందుకు?"

"నాకు గావాలె."

"నువ్వెప్పుడు నేస్తివి?"

"పెండ్లైనప్పటి సంది నీ పక్కన కూసొని అంచు ఏసిందెవరు? మీ తాతనా?"

నాన్న లేచి చొక్కా తగిలించుకుని, తనే పోయి పడుగు భుజాన వేసుకొచ్చి పక్కింట్లో దించాడు. నేను యూనివర్సిటీలో చదివిన పాఠాలన్నీ మా అమ్మ ఆ ఒక్క మాటలో చెప్పేసింది. గర్వంతో నాకు ఏడుపొచ్చింది.

పడుగు అతికే రోజు ఆదివారమే పెట్టుకున్నారు. మగ్గం వెనకాల ఆడవాళ్లు మోకాళ్లు ముడుచుకుని కూర్చుని, జారకుండా వేళ్లకు బూడిద రాసుకుని పోగుకు పోగు మెలిపెడుతున్నారు. ఒకరిమీద ఒకరు పరాచికాలు, నవ్వులు. సరిగ్గా అప్పుడే నాగర్‌కర్నూల్ అతను దిగాడు. పడుగు చివరికొచ్చిందని ఎవరో ఫోన్ చేశారట. లోపలికి తొంగి చూసి, కాసేపు అర్థం కాక నిలబడి, ఆ తర్వాత ఎర్రబడ్డాడు.

"ఇదేంది? మల్ల కొత్తది ఎక్కిస్తుండ్రా? గిట్లైతె ఎప్పుడు అయిపోవాలె?"

"మగ్గం నడ్సే ఇంట్ల పడుగెప్పుడు అయిపోతది నాయినా?" అన్నాడు కులపెద్ద అరుగు మీద నుంచి, అమాయకంగా. ఆడవాళ్లు తలలు వంచుకుని నవ్వు ఆపుకున్నారు.

అతనికి రోషం వచ్చింది. చిన్నమ్మ ముందుకు పోయి, "అసలు నువ్వు మా పెద్దమ్మకు ఏమైతవు?" అన్నాడు.

చిన్నమ్మ చేతిలో పోగు వదల్లేదు. "నువ్వేమైతవో ముందుగల నువ్వు జెప్పు. ఆమెకు షుగరున్నదని ఎప్పుడు తెల్సె నీకు? ఏ కాలు తీసేస్తమన్నరు డాక్టర్లు? రొట్టెల మీదికి ఏం గావాలె ఆమెకు? జెప్పు బిడ్డా. ఒక్కటి జెప్పు, ఇప్పుడే లేస్త."

అతను అరుగు మీద కూర్చుని చెప్పులు తొడుక్కోవడానికి చాలాసేపు తీసుకున్నాడు. "నెయ్యుండ్రి, ఎవరొద్దన్నరు" అని గొణుక్కుంటూ బస్టాండు వైపు పోయాడు. మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

మధ్యాహ్నానికి అతుకు పూర్తయింది. చిన్నమ్మ గుంతలో కూర్చుంది, నేను పక్కన కూర్చున్నాను. పడుగును మెల్లగా ముందుకు లాగారు. అతుకులు వరుసగా పన్నె దాటి ఇవతలికి వచ్చాయి. ఇవతల ఉన్నది పెద్దమ్మ చేత్తో ఎక్కించిన పడుగు, అవతలది కొత్తది. చిన్నమ్మ ఆ అతుకుల మీద అరచెయ్యి పెట్టింది.

"ఈడిదాంక అక్క జేసింది" అంది. దవాఖానలో రాని ఏడుపు, శవానికి నీళ్లు పోసినప్పుడు రాని ఏడుపు అప్పుడు వచ్చింది. పలక మీద తల పెట్టి చిన్నపిల్లలా ఏడ్చింది. "ఇల్లు నిల్సింది బిడ్డా. నేనెవరిదాన్ని ఇప్పుడు?"

కుటుంబం గురించి పాఠాలు చెప్పి బతికే నేను ఆ పుస్తకంలోని మూడు మాటల్లోనే జవాబు వెతుక్కుంటున్నాను.

అమ్మ వెనక నుంచి లేచి వచ్చింది. నన్ను పక్కకు జరిపి, నా చోట కూర్చుని, అంచు నాడె చేతిలోకి తీసుకుంది.

"మాదానివి" అంది. "పలక కొట్టు ఇంగ."