ఎనిమిదో ఓవర్లో ఆరో బాలు

ఆదివారం మధ్యాహ్నం మూడు గంటల పది నిమిషాలకు, కుప్పంలో, నా చేతికి మొదటిసారి మైకు ఇచ్చారు. ఆ రోజుల్లో క్రికెట్టుకు చదువెందుకని నా వాదన. పుంగనూరు జట్టుకు పదేళ్లు బౌలింగు చేశాను, మోకాలు పోయాక మదనపల్లెలో కోచ్‌నయ్యాను, ఎక్కడా ఎవరూ నన్ను ఏదీ చదవమనలేదు. ఆ రోజు ఫైనల్లో కుప్పం వాళ్ల బ్యాటింగు అయిపోయి నా శిష్యులు దిగుతున్నారు. కామెంటరీ ఆయనకు గొంతు పోయింది. పెద్దమనుషులు నన్ను స్కోరు బల్ల పక్కన కూర్చోబెట్టి, ఆటగాళ్ల పేర్ల కాగితం చేతిలో పెట్టారు. చదవడం రాదని చెప్పడానికి సిగ్గేసి, మడిచి జేబులో పెట్టుకున్నాను.

మాది గొర్రెలు కాసిన ఇల్లు. మందలో ఏది తప్పిపోయినా నడకను బట్టి, చెవిని బట్టి చెప్పేస్తాం. ఆటగాళ్లనూ అలాగే పిలిచాను. దొడ్డికాళ్లాయన బంతి ఆపాడు, పెద్దచెవులాయన విసిరాడు అంటుంటే జనం పడీపడీ నవ్వారు. (దొడ్డికాళ్లాయన కుప్పం కెప్టెనని నాకేం తెలుసు?) ఓవరుకూ ఓవరుకూ మధ్య ఆయన వచ్చి, తనకు పిల్లనిచ్చేవాళ్లు కూడా ఆటకొచ్చి ఉన్నారని మెల్లగా చెప్పిపోయాడు.

చివరికి స్కోరు పుస్తకం ప్రకారం మావాళ్లు ఒక్క పరుగు తేడాతో ఓడారు. కుప్పం వాళ్లు టపాసులు తీశారు. నేను ఒప్పుకోలేదు. ఎనిమిదో ఓవర్లో ఒక మేక స్కోరు బల్ల మీదికి ఎగబడితే, రాసే అయ్యవారు దాన్ని తోలుతూ ఉండిపోయాడు. మేకను చూస్తూనే ఇంకోటి చూడటం మా ఇంటి విద్య. అప్పుడు పడిన బాలుకు మావాళ్లు రెండు పరుగులు తీశారని మైకులోనే అన్నాను.

అయ్యవారు పుస్తకం నా ముందుకు తోశాడు. "నీ పిల్లోళ్ల కోసరం చెప్తాండావు. యాడ తప్పుండాదో నువ్వే సదివి సూపించప్పా."

మైకు ఆపలేదన్న సంగతే మరిచిపోయాను. "నాకు సదువు రాదు అయ్యవారూ. బాళ్లు మాత్రం గుర్తుండాయి. నేను చెప్తాను, నువ్వు ఏలు పెట్టి సూసుకో."

మైదానమంతా విన్నది. ఇంక దాచేదేముందని మొదటి బాలు నుంచి అప్పజెప్పాను. ఏడు ఓవర్లు ఒక్కటీ తప్పలేదు. ఎనిమిదో ఓవర్లో ఆయన వేలు ఐదో గడి దాటి ఆగిపోయింది. ఆరోది ఖాళీ. కానీ అందులో రెండు రాయాలంటే నా మాట ఎవరు నమ్ముతారు? కుప్పం కెప్టెనే ముందుకొచ్చాడు.

"రెండు తీసినారు, నిజమే. ఈ దొడ్డికాళ్ల సందులోనే పోయింది బాలు. రాసుకోండి."

అంపైరు తలూపాడు. కప్పు మదనపల్లెకు వచ్చింది. పిల్లనిచ్చేవాళ్లు కూడా లేచి చప్పట్లు కొట్టారు.

ఆ తర్వాత ఈ మూడు ఊళ్లలో నా గొంతు లేని టోర్నమెంటు జరగలేదు. యాభై దాటాక ఆ అయ్యవారే నాతో అక్షరాలు దిద్దించాడు. ఇప్పుడు పేర్లు చూసి చదువుతాను, ప్రతి బాలూ రాసుకుంటాను, కాగితం చూడందే కిందటి ఓవరు చెప్పలేను. ఆనాటి మొండివాణ్ని తలుచుకుంటే నవ్వొస్తుంది, కాస్త కుళ్లు కూడా.

ఆ రోజు అక్కడ ఉన్నవాళ్లు: దొడ్డికాళ్ల కెప్టెను, ఆయనకు కాబోయే మామ, పెద్దచెవులాయన, తక్కిన కుప్పం ఆటగాళ్లు, గొంతు పోయిన కామెంటరీ ఆయన, అంపైరు, అయ్యవారు, నా పదకొండుమంది శిష్యులు, ఒక్క అక్షరమూ రాని నేను.