కోటమ్మ మాత్ర వేళ

2002లో మచిలీపట్నంలో నేను, నా భార్య సుశీల కలిసి పెద్దవాళ్ల కోసం ఒక క్లినిక్ పెట్టాం. నేను డాక్టర్ని, ఆమె నర్సు. పద్ధతి ఊరికి కొత్త. అరవై దాటినవారు ఏడాదికి ఒకసారి ఫీజు కడితే ఎన్నిసార్లయినా రావచ్చు. ఆసుపత్రిలో చేరాల్సి వస్తే ఆ ఖర్చులో కొంత మాది. మనిషి బాగుంటేనే మాకు గిట్టుబాటు. ఇప్పుడు దీన్ని వాల్యూ బేస్డ్ కేర్ అంటున్నారు. సూది వేయని, సెలైన్ పెట్టని డాక్టరుకి డబ్బెందుకని అప్పట్లో బజారులో నవ్వారు.

గిలకలదిండి రేవులో చేపలు కొని ఊళ్లలో అమ్ముకునే కోటమ్మకి హార్ట్ ఫెయిల్యూర్. పేరు విని గుండె ఆగిపోయిందనుకుంటారు. నిజానికి గుండె బలం తగ్గి ఒంట్లో నీరు చేరుతుంది. ఆ నీటిని మూత్రంగా పంపే డైయూరెటిక్ మాత్ర పొద్దున్నే వేసుకోమన్నాను. వేసుకుంటున్నాననే చెప్పేది. అయినా కాళ్లు వాచి, ఆయాసంతో ఒకే వేసవిలో రెండుసార్లు ఆసుపత్రిలో చేరింది. మూడోసారి వస్తే బతకడం కష్టమని ఆమె కొడుక్కి చెప్పాను. అతను చేపల బేరం మానెయ్యమన్నాడు. ఒక్క రోజు కూడా మాననంది.

తర్వాత ఒకరోజు నేనూ సుశీలా వాళ్లింటికి వెళ్లాం. మాత్రలు చాలావరకు డబ్బాలో అలాగే ఉన్నాయి. నేను కోప్పడబోతే సుశీల నన్ను బయట కూర్చోమంది. తడిక అవతల నుంచి మాటలు వినపడుతూనే ఉన్నాయి.

"పొద్దున ఎన్నింటికి బయల్దేరతావు పిన్నీ?"

"తెల్లారేసరికి ఈ పక్క గూడూరు బస్సులో ఉండాలమ్మా. గంప ఖాళీ అయ్యేసరికి మిట్టమధ్యాహ్నం."

"మరి ఈ మాత్ర వేసుకుంటే మధ్యలో ఎక్కడికెళ్తావు?"

మాత్రల డబ్బా మూసిన చప్పుడైంది.

"అదేనమ్మా. చేపలమ్ముకునేదాన్ని దొడ్లోకి ఎవరు రానిస్తారు? డాక్టరుగారితో ఈ మాట ఎట్టా చెప్పేది, మగమనిషి."

"మగమనిషైనా ఆయనకీ వస్తుంది పిన్నీ."

లోపల ఇద్దరూ నవ్వారు.

మాత్ర వేళ మార్చాం. బేరం ముగించి ఇంటికొచ్చి, అన్నం తిన్నాక వేసుకోవాలి. నీరు చేరితే ముందు బరువు పెరుగుతుంది కాబట్టి, రేవులో చేపలు తూచే కాటా మీద రోజూ నిలబడమన్నాం. "కోటమ్మా, కిలో ఎంత?" అని తోటి ఆడవాళ్లు ఆటపట్టించేవారట. "మీరు కొనలేరే" అనేదట. బరువు పెరిగిన రోజు కబురు పంపేది, వెంటనే వెళ్లి చూసేవాళ్లం. ఆ తర్వాత ఆయాసంతో ఆసుపత్రికి వెళ్లాల్సిన అవసరం రాలేదు. బేరం ఆగలేదు.

వచ్చినప్పుడల్లా ఫీజు తీసుకునే డాక్టర్నయితే నేను మోతాదు పెంచి ఊరుకునేవాణ్ణేమో. మా పద్ధతి ఆ ఇంటి దాకా నడిపించినందుకు ఇప్పటికీ సంతోషమే. మందు రాసే ముందు ఆ మనిషి రోజు ఎలా గడుస్తుందో అడగడం అక్కడ నేర్చుకున్నాను. అడగడం చేతనైన మనిషి పక్కన ఉండటం నా అదృష్టం.

కొన్నేళ్లకు సుశీల కేన్సర్‌తో పోయింది. కబురు తెలిసి కోటమ్మ పొద్దున్నే వచ్చి మా అరుగు మీద కూర్చుంది. సాయంత్రం దాకా ఉంది. ఆ రోజు బేరానికి వెళ్లలేదు.