కారు ఆట తీసేసిన రోజు

కంప్యూటర్‌లో జాగా లేదని తెర మీద మొదటిసారి పడ్డప్పుడు నేను చెవిన పెట్టలేదు. రోజూ ఏదో ఒక డబ్బా ఇంగ్లీషులో వచ్చి నిలబడేది, ఏదో ఒకటి నొక్కితే పోయేది. తొంభైల్లో కరీంనగర్‌లో నాలాగా హడావుడిగా డీటీపీ నేర్చుకుని షట్టర్ తెరిచినవాళ్లకు వచ్చిన విద్య అంతే. తెలుగు టైపు కొట్టడం వచ్చు, పెండ్లికార్డు ముచ్చటగా పేర్చడం వచ్చు. ఆ పెట్టె లోపల ఏం జరుగుతుందో దేవుడికే ఎరుక.

రెండోసారి జాగా లేదన్నప్పుడు ఒక బడివాళ్ల కరపత్రం పోయింది. పొద్దంతా కొట్టిన పని సేవ్ కాలేదు, అంతలో కరెంటు పోయింది, వచ్చాక చూస్తే తెల్ల కాగితం. మూడోసారి ఒక బట్టల దుకాణం పని పోయింది, దానితోపాటు ఆ దుకాణంవాళ్లూ వేరే షాపుకు పోయారు. అప్పుడు సుల్తానాబాద్ నుంచి మా అన్న వచ్చాడు. నాకు కంప్యూటర్ కొనిపెట్టింది ఆయనే.

"ఈ లగ్గాల సీజన్ సూద్దాం చెల్లె. నడ్వకుంటే తాళమేసి ఇద్దరు ఇంటికి రార్రి. మనకు బువ్వకు తక్కువా" అన్నాడు.

ప్రేమతోనే అన్నాడు. కానీ బామ్మర్ది ఇంట్లో కూర్చుని తినే మగవాడి బతుకు ఎట్లా ఉంటుందో అందరికీ తెలుసు. ఆ పూట మా ఆయన సగం అన్నంలోనే చెయ్యి కడిగాడు.

మా ఆయన ఉట్నూర్‌లో జీపు నడిపేవాడు. అడవి ఊళ్ల నుంచి జనాన్ని అంగడికి తెచ్చి దించే జీపు. జీపు ఆయనది కాదు గానీ దాని ప్రతి బోల్టూ ఆయనకు సుట్టమే. ఒక వానకాలం ఘాట్ మలుపులో అది జారి పల్టీ కొట్టింది. ఎక్కినవాళ్లంతా దెబ్బలతో బయటపడ్డారు. ఆయన కుడికాలు జీపు కింద ఇరుక్కుంది. ఆదిలాబాద్‌లో పాదం తీశారు. విషం పైకి పాకిందని కరీంనగర్‌లో మోకాలి కిందికి తీశారు. అదీ చాలక చివరికి మోకాలి పైదాకా తీశారు. ప్రతిసారీ ఇదే ఆఖరు అనుకున్నాం.

కాలు పోయినందుకంటే, జీపు ఓనరు అన్న మాటకు ఆయన ఎక్కువ కుమిలిపోయాడు. మలుపులో బ్రేక్ వెయ్యలేదు, తాగిన కోతిలాగా తోలిండు అని ఓనరు ఊరంతా చెప్పాడు. ఎక్కినవాళ్లూ అవునేమో అన్నారు. "నేను తొక్కిన" అనేవాడు ఆయన. మంచం మీద పడుకుని, ఎవరూ అడగకుండానే, "నేను బ్రేక్ తొక్కిన" అనేవాడు. ఒకసారి నన్నే సూటిగా అడిగాడు, "నువ్వన్న నమ్ముతవా" అని. నేను "అయిందేదో అయింది, ఇప్పుడెందుకది" అన్నాను. చెయ్యి ఖాళీ లేదు, పొయ్యి మీద పాలు పొంగుతున్నాయి. 

కంప్యూటర్ బిగించినవాడు మా గల్లీ చివర ఉండే భాయ్. మంచి మనిషి, నోట్లో ఎప్పుడూ జర్దా పాన్. "భయ్యాకు టైంపాస్ గావాలె భాభీ" అని అడగకుండానే ఆటలు ఎక్కించాడు. పేకాట, విమానాలు, పాము, బాంబులు వెతికే ఆట, వీటన్నిటికీ మొగుడు ఒక కారు ఆట. ఆ ఇరుకు పెట్టెలో నా పనికంటే భాయ్ ఆటలే ఎక్కువ. ఇల్లు ఇరకటం, ఆలి మర్కటం అంటారు. ఇల్లు ఇరుకైంది నిజమే, ఆలి మర్కటం ఎప్పుడైందో ఆయన్నే అడగాలి.

నాకు పని లేని వేళల్లో ఆయన ఆ కుర్చీలో కూర్చునేవాడు. మిగతా ఆటలు ముట్టలేదు. కారు ఒక్కటే. ఒక్కొక్క దారి గెలిస్తే ఇంకో దారి తెరుచుకునే ఆట అది. అట్లా గెలుచుకుంటూ ఒక కొండదారి దాకా వచ్చి ఆగిపోయాడు. ఆ దారిలో ఒక మలుపుంది. ప్రతిసారీ కారు అక్కడ జారి లోయలో పడేది. ధడేల్ మని ఒక చప్పుడు. మళ్లీ మొదలు. ఆ మలుపు అచ్చం ఉట్నూర్ మలుపేనని ఆయన ఒక్కసారే అన్నాడు, మళ్లీ అనలేదు. ఒక్కసారి అది దాటితే చాలనేది ఆయన పట్టు. నడిపేది వేళ్లతోనే. కానీ బల్ల కింద లుంగీలో ఆ మొండికాలు కిందికి నొక్కుకుంటూ ఉండేది, లేని పాదంతో లేని బ్రేకును. నేను చూశానని ఆయనకు తెలియదు.

ఆ ఆటంటే నాకు పీకలదాకా కోపం. దాని ముందు కూర్చున్నప్పుడే ఆయన మనిషిలా ఉంటాడు కాబట్టి దాని జోలికి పోయే ధైర్యమూ లేదు.

అట్లాంటి రోజుల్లో ఒక ఆదివారం మా తల్లిగారి ఊరి నుంచి ఒక పెద్దమనిషి బిడ్డ లగ్గం కార్డు పని పట్టుకుని వచ్చాడు. వరసకు నాకు కాక, చిన్నాయన. చనిపోయిన తన తల్లి ఫోటో కార్డు మీద పైన ఉండాలన్నాడు. సోమవారం పొద్దున్నే మొదటి కార్డు వేములవాడ గుడిలో రాజన్న దగ్గర పెట్టాలె, ఆ తర్వాతే సుట్టాలకు పంచాలె. ఆ ఇంట్లో అదే రివాజు.

"నీ మీద నమ్మకంతోని వచ్చిన బిడ్డా. ఇది మంచిగయితే మా అన్నదమ్ముల ఇండ్లల్ల లగ్గాలన్ని నీకే" అని స్టూలు మీద కూర్చున్నాడు.

కార్డు పేర్చాను. కాక తల్లి ఫోటో స్కానర్ మీద పెట్టాను. తెర మీద సగం ముఖం వచ్చి ఆగింది. జాగా లేదు. మళ్లీ చేశాను, మళ్లీ అదే. పేర్చినదాన్నైనా దాచుకుందామంటే అదీ దాచుకోనంది.  కాకకు చాయ్ తెప్పించి, ఆటల బొమ్మలు ఒక్కొక్కటే తీసేయడం మొదలుపెట్టాను. పేకాట పోయింది, విమానాలు పోయాయి, పాము పోయింది, బాంబులు పోయాయి. తెర మీద కారు ఒక్కటే మిగిలింది. దాన్ని ముట్టలేదు. ఇంత తీశాక చాలదా అని మళ్లీ ఫోటో పెట్టాను. సగం ముఖం. జాగా లేదు.

మా ఆయన గోడకు కర్రలు ఆనించి పక్కనే కూర్చుని ఉన్నాడు. తెర మీద మిగిలిన ఆ ఒక్క బొమ్మను నేనూ చూశాను, ఆయనా చూశాడు. 

పక్క షట్టర్ ఎస్టీడీ బూత్. మధ్యలో ఉన్నది ఒక ప్లైవుడ్ చెక్క, ఇటు తుమ్మితే అటు వినపడుతుంది. భాయ్ ఆదిలాబాద్‌లో అత్తగారింట్లో ఉన్నాడు. బూత్‌లోకి పోయి అతను దొరికేదాకా నంబర్ తిప్పాను.

"ఆటలన్ని తీసిన భాయ్, అయిన జాగ రాలే" అన్నాను.

"ఎట్ల తీసిన్రు భాభీ?"

చెప్పాను. భాయ్ నవ్వాడు. "నై నై. అవి ఉట్టి బొమ్మలు. ఇంటి ముందట పేరు పలక పీకేస్తే ఇంట్లోళ్లు పోతరా? ఆటలు లోపట్నే ఉన్నయి. ఫికర్ చెయ్యకుర్రి, నేను చెప్త. కంప్యూటర్ దగ్గర ఎవరున్నరు?"

ఎవరుంటారు. నేను ఫోను దగ్గర, కంప్యూటర్ చెక్క అవతల. కాకకు మౌసంటే ఏమిటో తెలియదు. నేను చెక్క మీద కొట్టి, "ఇగో, ఇంటున్నవా? కుర్సీల కూసో. భాయ్ చెప్పేది నేను చెప్త, నువ్వు నొక్కు" అన్నాను. కర్రలు కదిలిన చప్పుడు, కుర్చీ కిర్రుమన్న చప్పుడు వినపడ్డాయి.

నిజం చెప్పాలంటే అప్పుడు నాకు కొంచెం ఆశ పుట్టింది. ఇప్పటిదాకా తీసినవి పేరు పలకలే అయితే, అసలువి పోతే బోలెడు జాగా వస్తుంది, కారు మిగిలిపోతుంది. భాయ్ చెప్పినట్టు చెబుతూ పోయాను. కంట్రోల్ ప్యానెల్ తెరువు. ప్రోగ్రాములు తీసేసే బొమ్మ నొక్కు. పేకాట మీద పెట్టు. తియ్యమను. నిజంగనేనా అని అడుగుతది, యస్ నొక్కు. ఆయన "నొక్కిన" అంటే నేను భాయ్‌కి "నొక్కిండు" అనడం. విమానాలు. పాము. బాంబులు. అన్నీ అయ్యాక ఎంత జాగా వచ్చిందో చూడమన్నాను.

కొండను తవ్వి ఎలుకను పట్టాం.

"సాలదు" అన్నాడు ఆయన చెక్క అవతల నుంచి. నేను భాయ్‌ని ఇంకేమన్న తియ్యొచ్చా అని అడుగుతుండగానే మళ్లీ అన్నాడు, "కారుది గూడ చెప్పమను."

"జర ఆగు, అడుగుతున్న గద."

"అడిగేదేమున్నది. జాగంత అదే మింగింది. పెద్దమనిషి ఈడ్నే కూసున్నడు. చెప్పమను."

చెప్పాను. నా నోటితో నేనే చెప్పాను. దాని పేరు మీద పెట్టు. తియ్యమను. నిజంగనేనా అని అడుగుతది. యస్ నొక్కు.

అవతల నుంచి "నొక్కిన" అనే మాట రాలేదు.

"ఏమైంది భాభీ?" అన్నాడు భాయ్.

నేను చెక్కకు చెవి ఆనించాను. మౌస్ టకటకలాడింది. కాసేపటికి ఇంజన్ చప్పుడు మొదలైంది. కారు ఆట తెరిచాడు. కాక స్టూలు మీద కూర్చుని ఏమనుకుంటున్నాడో, బూత్‌లో నా వెనక నిలబడ్డవాళ్లు ఏమనుకుంటున్నారో, ఆ గడియలో నాకేమీ పట్టలేదు. "జర ఆగు భాయ్" అన్నాను. ఆ దారి చప్పుళ్లన్నీ నాకు కంఠతా వచ్చు. ఇది చదును. ఇది ఎక్కుడు. ఇక్కడ గేరు మారుతుంది. ఇదిగో మలుపు. రాజన్నా, ఈ ఒక్కసారి దాటనియ్యి అని మొక్కాను. ఆట గురించి దేవుడికి మొక్కిన ఆడది కరీంనగర్‌లో నేనొక్కదాన్నే అయి ఉంటాను.

టైర్లు కీచుమన్నాయి. ధడేల్ మంది.

అవతల మౌస్ మళ్లీ టక్కుమంది. తర్వాత ఆయన మామూలు గొంతుతో అన్నాడు, "ఆఁ. నొక్కిన."

భాయ్ ఇంకో మాట చెప్పాడు. ఆట పోయినా దాని ఫోల్డర్ ఒకటి లోపల మిగిలి ఉంటుందట, గెలిచిన దారులన్నీ అందులోనే ఉంటాయట. అదీ తీసి, చెత్తబుట్టలోంచి కూడా ఖాళీ చేస్తేనే పూర్తిగా పోయినట్టు. నేను ఆ మాట చెక్క దాటించలేదు. "అయిపోయిందట, ఇగ సాలు" అన్నాను. ఇంత పోయాక ఆ మిగిలిందన్నా ఎక్కడో ఒక మూల పడి ఉండనీ అనిపించింది.

"అబద్ధాలాడకు. ఫోల్డర్ ఈడ కనవడ్తనే ఉన్నది" అన్నాడు ఆయన.

"ఉంటే ఉండని. చిన్నదే గద."

"ఉండద్దు. సగం సగం తీస్తే ఏమైతదో నాకు తెల్వదా. ఒక్కసారే పైదాంక తీసుంటే మూడుసార్లు ఏడ్వకపోదుమా. ఎట్ల తియ్యాల్నో చెప్పు."

నేను ఫోను పట్టుకుని ఏడ్చాను. భాయ్‌కి వినపడింది. ఏడుస్తూనే ఫోల్డర్ తీయడం చెప్పాను, చెత్తబుట్ట ఖాళీ చేయడం చెప్పాను. ప్రతిదానికీ ఆయన "నొక్కిన" అన్నాడు.

నేను దుకాణంలోకి వచ్చేసరికి ఆయన కుర్చీ వదిలి మళ్లీ గోడ దగ్గర కూర్చున్నాడు. ఫోటో పెట్టాను. ఈసారి ముసలమ్మ ముఖం మొత్తం వచ్చింది, ముక్కుపుల్లతో సహా. సేవ్ నొక్కితే కిమ్మనకుండా దాచుకుంది. లేజర్ ప్రింటు తీసి కాక చేతిలో పెడితే తల్లి బొమ్మను కండ్లకద్దుకున్నాడు. అది పట్టుకుని కార్డులు అచ్చు వేయించడానికి ఆఫ్‌సెట్ ప్రెస్సుకు పోయాడు. తెల్లారి మొదటి కార్డు రాజన్న దగ్గరికి చేరింది. ఆ అన్నదమ్ముల ఇండ్ల లగ్గాల కార్డులతో దుకాణం నిలబడింది.

ఆ ఆదివారం సాయంత్రం నేను షట్టర్ దించుతుంటే మా ఆయన అడిగాడు, "ఇగ రేపటి సంది నేనేం జెయ్యాలె?"

కోపంగా అడగలేదు, దెప్పుతూ అడగలేదు. తెలియక అడిగాడు.  తాళం వేసి ఆటో పిలిచాను.

 బస్టాండు దాటాక మలుపు దగ్గర డ్రైవరు వేగం తగ్గించకుండానే బండిని తిప్పాడు. నా పక్కన లుంగీలో ఆ మొండికాలు గట్టిగా కిందికి నొక్కుకుంది. ఇన్నాళ్లూ చూసీ చూడనట్టున్న నేను ఈసారి దాని మీద చెయ్యి పెట్టాను. కండ రాయిలా బిగిసి ఉంది. ఆయన నా వైపు తిరిగాడు.

"తొక్కినవు" అన్నాను. "ఆనాడు గూడ నువ్వు తొక్కినవు."

ఆయన తల బయటికి తిప్పుకున్నాడు. ఇల్లు వచ్చేదాకా ఆ కాలు నా చేతి కింద నొక్కుకుంటూనే ఉంది.