మా పైఫ్లాట్ శవం

ఎడిన్‌బర్గ్‌లో కాపురం పెట్టిన కొత్తలో ఒక సాయంత్రం మా ఆవిడ ఆఫీసు నుంచి వచ్చి, గుమ్మంలోనే నిలబడిపోయింది.

"ఏవండీ, పైఫ్లాట్ జపాన్ ఆయన మెట్ల మీద పడున్నాడు. ఊపిరి ఆడుతున్నట్టు లేదు."

పరుగున వెళ్లి వంగి చూశాను. శవం ఒక కన్ను తెరిచింది.

"సారీ. ప్రాక్టీస్," అంది.

ఆయనకు యాభై దాటి ఉంటాయి. భార్యకు ఇక్కడి యూనివర్సిటీలో ఉద్యోగం వస్తే వెంట వచ్చారు. జపాన్‌లో ఆయన సినిమా నటుడు. పెద్ద కంపెనీల సినిమాలు కావు. నలుగురు స్నేహితులు కలిసి తీసుకునే దెయ్యాల సినిమాలు, గూండాల సినిమాలు. మొదట్లో షూటింగ్ వ్యాన్ నడిపేవారట. ఒకరోజు శవం వేషం వేయాల్సిన మనిషి రాకపోతే డ్రైవర్‌ని పడుకోబెట్టారు. ఆయన కదలకుండా పడుకున్న తీరు నచ్చి, దర్శకులు వరసపెట్టి చంపడం మొదలుపెట్టారు. కత్తిపోటు, బావి, రైలు, ఒకసారి పీత.

"పీతేంటి అంకుల్?" అంది మా ఆవిడ.

"పెద్ద పీత," అన్నారు గంభీరంగా.

కొన్నాళ్లకు స్టూడెంట్ల ఫిల్మ్ క్లబ్ వాళ్లు ఆ పీత సినిమా వేసి ఆయన్ని మాట్లాడమన్నారు. ఆయన నన్ను తోడు రమ్మన్నారు. ఆయన జపాన్ యాస ఇంగ్లీషు వాళ్లకు అర్థం కాదు, వాళ్ల స్కాటిష్ ఇంగ్లీషు ఆయనకు అర్థం కాదు. నేను మధ్యలో కూర్చుని ఇంగ్లీషులోంచి ఇంగ్లీషులోకి అనువాదం చేశాను.

హీరో వేషం రాలేదని బాధ లేదా అని ఒకామె అడిగింది.

"హీరోకి రోజంతా పని. నేను పొద్దున్నే చచ్చిపోతాను, భోజనానికి ఇంట్లో ఉంటాను," అన్నారు.

ఎలా చస్తారో చూపించమన్నారు. ఆయన నా చేతిలో పెన్ను పెట్టి పొడవమన్నారు. పొడిచాను. కుర్చీలు పడగొట్టుకుంటూ, ముందు వరసలో ఒకాయన ఒళ్లో కాసేపు ఆగి, నేలకు ఒరిగారు. చప్పట్లు బాగా పడేసరికి లేచి, ఇంకోసారి చచ్చారు.

అది చూసి ఒక స్టూడెంటు తన సినిమాలో ఆయనకు తాత వేషం ఇచ్చింది. చివరిదాకా బతికుండే తాత. షూటింగ్ మొదలయ్యాక మా ఇంటికి వచ్చి, పులిహోర కెలుకుతూ దిగులుగా కూర్చున్నారు.

"బతికుంటే చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియట్లేదు."

"జేబుల్లో పెట్టేసుకోండి అంకుల్," అంది మా ఆవిడ.

ఆ సినిమా వేసిన రోజు మేమూ చూడ్డానికి వెళ్లాం. సినిమా మొత్తం తాత జేబుల్లోంచి చేతులు తీయలేదు. మనవరాలు ఏడుస్తూ వచ్చి కౌగిలించుకున్నా తీయలేదు. గుండెలో ఎంత బాధ దాచుకున్నాడో అని పక్క సీటామె కళ్లు ఒత్తుకుంది. మా ఆవిడ మాత్రం నవ్వు ఆపుకోలేక బయటికి వెళ్లిపోయింది.