ఆండాళవ్వ వాకిట్లో ఆటలు

పిల్లల్ని ఆడించడంలో ఆండాళును మించినవాళ్ళు లేరని మా ఊళ్ళో పాతవాళ్ళు ఇప్పటికీ అంటారు. అని ఊరుకుంటే బాగుండేది. "ఏం లాభం, కన్నకొడుకునే పట్టిచ్చింది" అని ఒక తోక తగిలిస్తారు. ఆ తోక విన్నప్పుడల్లా నాకు ఒళ్ళు మండుతుంది. జరిగింది మా అమ్మ కౌసల్య కళ్ళారా చూసింది. ఆండాళు పోయాకే నాకు చెప్పింది. ఇది వింటే గుండె పగిలే మనిషి ఇప్పుడు ఎవరూ లేరు కాబట్టి నేను రాస్తున్నాను.

మాది కేతేపల్లి పక్క ఊరు. పోలీసు యాక్షన్ అయింది, రజాకార్ల పీడ వదిలింది అని జనం ఊపిరి పీల్చుకునేలోపే, సంఘపోళ్ళను, అంటే కమ్యూనిస్టు దళాలవాళ్ళను వెతకడానికి కొత్త పోలీసులు వచ్చి ఊరి పక్కన క్యాంపు వేశారు. పొద్దున్నే ఆడా మగా అందరినీ కంచెలు కొట్టడానికి, బాటలు చదును చేయడానికి తోలుకుపోయేవారు. ఇళ్ళలో మిగిలిన పిల్లలంతా ఆండాళు వాకిట్లో చేరేవారు. ఆమె సాలెవారి ఇంటి ఆడమనిషి. భర్త పోయాడు, నూలు దొరక్క మగ్గం మూలపడింది. ఏడ్చే పిల్లల్ని చూస్తే ఆమెకు కాళ్ళు చేతులు ఆగేవి కావు.

ఆమె ఆడించే ఆటల్లో కొన్న వస్తువు ఒక్కటీ ఉండేది కాదు. చింతగింజలను బండమీద సగానికి అరగదీసి పచ్చీసు ఆడించేది. నేలమీద గుంటలు తవ్వి ఓమనగుంటలు, గులకరాళ్ళతో అచ్చనగండ్లు, ఇసుకలో పుల్ల దాచి పుల్లాట. పగిలిన కుండపెంకు కూడా ఆమె చేతిలో పడితే ఆటవస్తువే. అప్పటికి పదేళ్ళుంటాయేమో, మా అమ్మ చిన్నపిల్లల్ని సముదాయిస్తూ ఆమెకు సాయంగా ఉండేది.

ఆ ఏడు ఎండాకాలంలో ఆండాళు కొడుకు ఐలేశం తొడలో తూటాతో ఇల్లు చేరాడు. సంఘం దళంలో తిరిగేవాడు. గాయం మానగానే దళంవాళ్ళు వచ్చి నల్లమల వైపు తీసుకుపోతామన్నారు. అంతదాకా దాచగలిగితే చాలు, కొడుకు బతుకుతాడు. నేతగాడు కాళ్ళు పెట్టుకోవడానికి మగ్గం కింద గుంట ఉంటుంది కదా, అందులో పడుకోబెట్టి, పైన పలకలు వేసి చాప కప్పింది. పిల్లల్ని రావద్దంటే ఎందుకని ఊరు అడుగుతుంది. అందుకని పిల్లలూ వాకిట్లోనే, ఐలేశమూ ఇంట్లోనే.

లోపల ఐలేశం జ్వరంతో మూలిగితే, ఆండాళు గట్టిగా పాడుతూ పిల్లలతో చెమ్మచెక్క ఆడించేది. బూట్ల చప్పుడు వినాల్సిన వేళ అరుపుల్లేని అచ్చనగండ్లకు కూర్చోబెట్టేది. మా అమ్మ ఒక్కతే ఇది పసిగట్టింది. పసిగట్టి నోరు మూసుకుంది. దాగుడుమూతలకు మాత్రం ఆండాళు గట్టి కట్టడి పెట్టింది. "యాడన్న దాగుండ్రి గని మగ్గం అర్రలకు పోవద్దు. పోయినోళ్ళను ఆటకెల్లి తీసేస్త." పిల్లలకు ఆటలోంచి తీసేయడం కన్నా పెద్ద శిక్ష ఏముంది? ఒక్కరూ ఆ గది గడప తొక్కలేదు.

క్యాంపులో తెలుగొచ్చిన పోలీసు ఒకడుండేవాడు. మంచినీళ్ళ వంకతో వచ్చి, పిల్లలకు బెల్లంముక్కలు పెట్టి, కాసేపు కూర్చుని పోయేవాడు. ఒకరోజు ఆండాళు నీళ్ళకని పెరట్లోకి పోగానే, భీమయ్య కూతురు పుష్పను, ఐదేళ్ళ పిల్లను, దగ్గరికి పిలిచాడు.

"నేనూ ఆడతానే. ఎక్కడ దాక్కోమంటావు?"

"యాడన్న దాగు. మగ్గం అర్రల మాత్రం వద్దు."

"అక్కడేముంది?"

"ఏమో! అవ్వ ఆటకెల్లి తీసేస్తది."

కట్టడి అంత బాగా అప్పజెప్పినందుకు పుష్ప మొహం వెలిగిపోయిందట. ఆ మాట ఎంత దూరం పోతుందో పక్కనే ఉన్న మా అమ్మకూ అప్పుడు తట్టలేదు. పోలీసు నవ్వాడు. ఆండాళు తెచ్చిన నీళ్ళు తాగి, పిల్ల తల నిమిరి పోయాడు. పొద్దు వాలకముందే క్యాంపంతా ఇంటిమీద పడింది. నేరుగా మగ్గం దగ్గరికే పోయి చాప లాగారు. ఐలేశాన్ని వాగు దాటిస్తుంటే పారిపోబోయాడని కాల్చేశామన్నారు. నిలబడలేని మనిషి పారిపోయాడట!

ఆండాళును మాత్రం ముట్టుకోలేదు. పిల్లల్ని చూసుకునే మనిషి, వదిలేయండి అని ఆ పోలీసే చెప్పాడట. ఆ దయ తగలబడిపోను! ఆ రోజు ఊళ్ళో అందరినీ కొట్టి తల్లిని వదిలారంటే ఊరు ఏమనుకుంటుంది? కొడుకును అప్పజెప్పి తాను బయటపడ్డది అనుకుంది. ఆండాళు కాదనలేదు. పోలీసుతో పుష్ప అన్న మాట మా అమ్మ చెప్పగా విని, అది ఎక్కడా ఎత్తనని ఆమె చేత మాత్రం ఒట్టు వేయించుకుంది.

ఏళ్ళు గడిచాయి. పుష్పమ్మకు ఊళ్ళోనే పెళ్ళయి ఇద్దరు పిల్లలు పుట్టారు. ఆ పిల్లలూ ఆండాళు వాకిలి పట్టారు. ఒకరోజు ఎవరో ఏదో అంటే విని పుష్పమ్మ ఊగిపోతూ వచ్చి ఇద్దరినీ రెక్క పట్టి లేపింది. "కొడుకును మింగినదాని కాడ మీకేం ఆటలు రా? నడువుండ్రి!"

పక్కనే ఉన్న మా అమ్మ ఆపుకోలేక లేచింది. "పుష్పా, నీకు తెల్వది..."

ఆండాళు మా అమ్మ చెయ్యి పట్టి కిందికి లాగింది. పుష్పమ్మ పోయేదాకా వదల్లేదు. మా అమ్మ ఏడ్చింది. "ఎన్నొద్దులు పడ్తవ్ అవ్వా గీ మాట?"

"చెప్తె నా కొడుకొస్తడా?" అంది ఆండాళు. "గా పిల్ల ఏం జేసింది, నేను జెప్పిన మాట ఇన్నది. గిది తెలిస్తె అది బతుకుతదా? దాని పోరగాండ్లకు బువ్వెవరు పెడ్తరు? నన్ననుకోనియ్యి."

పుష్పమ్మను చూసి మిగతా ఇళ్ళవాళ్ళూ తమ పిల్లల్ని పంపడం మానేశారు. చివరి రోజుల్లో ఆండాళు ఓమనగుంటల ముందు ఒక్కతే కూర్చుని, రెండువైపులా తనే గింజలు పంచుకుంటూ ఆడేది.