సువార్తమ్మ గొంతు

కరోనా ఆంక్షలు తొలగిన మరుసటి వేసవిలో నెల్లూరు జిల్లా అల్లూరులో రొయ్యల గుంటల దగ్గర నా ఆఖరి సినిమా మొదలుపెట్టాను. కథ, మాటలు, దర్శకత్వం నావి. పెట్టుబడి, దానితోపాటు సర్వహక్కులూ హైదరాబాదు నిర్మాతవి. చిన్న సినిమాలు తీసేవాళ్లం సాధారణంగా అలాగే సంతకం పెడతాం. లేకపోతే సినిమా ఉండదు.

షూటింగులో నటులు మాట్లాడింది తీసేసి, తర్వాత స్టూడియోలో కొత్తగా చెప్పించడం మన దగ్గర అలవాటు. అదే డబ్బింగ్. తెర మీద మనిషి ఒకరు, గొంతు ఇంకొకరిది కావడం ఎవరికీ వింత కాదు. నేను మాత్రం అక్కడ పలికిన మాటనే ఉంచాలనుకున్నాను. ప్రధాన పాత్ర వేసిన సువార్తమ్మ అల్లూరులో బట్టలు కుట్టేది. అంతకుముందు చర్చి నాటకాల్లో తప్ప నటించలేదు.

ఆ పద్ధతికి నిశ్శబ్దం కావాలి. గుంటల్లో నీళ్లు చిలికే ఏరేటర్లు ఆగితే రొయ్యలకు గాలి అందదు. బాగా ఎండ ఉన్న వేళ నీళ్లలో గాలి ఎక్కువ కాబట్టి, అప్పుడు కాసేపు ఆపడానికి గుంట యజమాని మస్తాన్ ఒప్పుకున్నాడు. గట్టు మీద నిలబడి తొందరపెట్టేవాడు. "బిన్నా కానీండి సార్. మీ సినిమా ఆడకపోయినా పర్లేదు, నా రొయ్య తేలకూడదు."

"నీ రొయ్యకుండే గిరాకీ నాకు లేదులే మస్తానన్నా! ఉండు, ఏడ్చేసి వస్తా," అని సువార్తమ్మ వెళ్లి, తల్లి చనిపోయిన సన్నివేశం ఒకే టేకులో చేసింది. నేను రాసింది పక్కనపెట్టి, "మాయమ్మ పోయినాక నన్ను తిట్టేవోళ్లే లేరు" అంది. అదే ఉంచాను.

ఎడిటింగ్ జరుగుతుండగా ఆమె గుండెపోటుతో చనిపోయింది.

అప్పుడు నిర్మాత ఆమె మాటలన్నీ డబ్బింగ్ చెప్పిస్తానన్నాడు. నెల్లూరు యాస వింటే జనం నవ్వుతారట. కమెడియన్‌కైతే సరిపోతుందట. నేను ఒప్పుకోలేదు. "ఆమె ఎలాగూ లేదు కదండీ, బాధపడేదెవరు?" అన్నాడు. మనిషి చనిపోవడం అతనికి అనుమతిలా కనిపించింది. అయితే నా పేరు తీసేయమన్నాను. దర్శకుడి పేరు లేకపోతే ఫెస్టివళ్లకు పంపడం కష్టమని దాన్ని ఉంచారు. గొంతు తీసేశారు.

సినిమా ఓటీటీ యాప్‌లో వచ్చిన రోజు ఆమె భర్త యేసుదాసు ఫోన్ చేశాడు. "అన్నా, మనిషి మా ఆమే. మాట్లాడేదెవురన్నా?"

జరిగింది చెప్పాను. "ఆమె మాట్లాడింది యాడన్నా ఉందా? ఇంట్లో ఫొటోలుండాయి గానీ మాట లేదన్నా," అన్నాడు.

ఒప్పందం ప్రకారం శబ్దం నకలు నేను ఉంచుకోకూడదు. నిర్మాత ఆఫీసుకు వెళ్లి అడిగాను. సినిమా అప్పగించాక అసలు రికార్డింగులున్న హార్డ్‌డిస్కులు తుడిచి, తర్వాతి షూటింగుకి పంపేశారట. "రొటీనే కదండీ," అన్నాడు మేనేజరు. లెన్సు మీద గీత పడితే సంజాయిషీ అడిగే ఆఫీసు అది.

యేసుదాసుకు ఉన్నమాట చెప్పాను. "పోనీలే అన్నా," అన్నాడు. ఆ మాట అనవలసింది అతను కాదు.

స్క్రిప్టు చూడమని వచ్చే కొత్త దర్శకులకు ఇప్పుడు నేను చెప్పేది ఇది. షూటింగులో పలికిన శబ్దం నకలు మీ దగ్గర ఉంటుందని, మీరు ఒప్పుకోకుండా ఏ గొంతూ మార్చరని ఒప్పందంలో రాయించండి. నిర్మాత కుదరదంటే ఆ సినిమా అతనితో తీయకండి.